కొట్టానన్న మాట దగ్గరే ఆగిపోవద్దు

(ప్రపంచ ఆదివాసీ దినోత్సవ సభలో, న్యాయ అవగాహన గోష్ఠిలో చేసిన ప్రసంగ పాఠం)



పొద్దుటి నుంచి డోళ్లు, కొమ్ముబూరలు, రేలా పాటలతో సభ కళకళలాడుతోంది. ఈ పూట నల్లకోటు వాళ్లు వేదిక ఎక్కి హత్య కేసుల గురించి మాట్లాడతామంటే సంఘం పెద్దలు మొదట కొంచెం వెనకాడారు. పండుగనాడు ఆ మాటలేమిటన్నారు. నిజమే. కానీ ఈ సభకు రావాల్సి ఉండీ రాలేనివాళ్లు కొందరున్నారు. జైల్లో ఉన్నారు. వాళ్ల ఆడవాళ్లు, పిల్లలు ఇక్కడ మన మధ్యే కూర్చుని ఉన్నారు. అందుకని ఒక్క అరగంట అడిగి తీసుకున్నాం.

మేం గూడేల్లో పుట్టి కోర్టుల్లో పనిచేస్తున్నవాళ్లం. హత్య కేసుల్లో శిక్ష పడ్డాక పైకోర్టుకు వెళ్లే అప్పీళ్ల కాగితాలు మా చేతికి వస్తుంటాయి. వాటిలో కొన్నింటిని చదువుతుంటే ఒక అనుమానం వస్తుంది. ఇతను చంపడానికి వెళ్లినవాడు కాదు, తన మీదికి వచ్చినవాణ్ణి ఆపబోయినవాడు అనిపిస్తుంది. ఆ అనుమానాన్ని జడ్జిగారికి చూపించాలంటే ఒక కాగితం కావాలి. చాలాసార్లు ఆ కాగితం ఉండదు. ఈరోజు మా మాటంతా ఆ కాగితం గురించే.

మన రాయి సెంటర్‌లోనో, గూడెం పెద్దల ముందో తగువు పెడితే మొదటి ప్రశ్న ఏమిటి? 'ముందు చెయ్యెత్తింది ఎవరు?' ఇరువైపుల వాళ్లూ ఎదురెదురుగా కూర్చుంటారు. అది తేలాకే మిగతా మాట. పోలీసు కేసు అలా మొదలవదు. చనిపోయింది ఎవరు అన్న దగ్గర మొదలవుతుంది. చనిపోయినవాడి తరఫువాళ్లు ఇచ్చిన ఫిర్యాదే ఎఫ్‌ఐఆర్ అవుతుంది. ముందు చెయ్యెత్తింది ఎవరన్న ప్రశ్న ఎవరో ఒకరు పట్టుబట్టి రాయిస్తే తప్ప కేసు కట్టలోకి రాదు.

అప్పీలంటే మళ్లీ మొదటినుంచి విచారణ అనుకుంటారు మనవాళ్లు. కాదు. సాక్షులు మళ్లీ బోనెక్కరు. సెషన్స్ కోర్టులో రికార్డయిన వాంగ్మూలాలు, డాక్టరు సర్టిఫికెట్లు, పంచనామాలు, వీటన్నిటినీ కట్టగట్టి హైకోర్టుకు పంపుతారు. జడ్జీలు ఆ కట్టను తమ బుర్రతో కొత్తగా తూస్తారు, ఆ అధికారం వాళ్లకుంది. కొత్త సాక్ష్యం తీసుకునే వీలూ చట్టంలో ఉంది గానీ అది అరుదు. కట్టలో లేనిదాన్ని ఎంత పెద్ద వకీలైనా పుట్టించలేడు.

ఇక చట్టం ఏమంటుందో చూద్దాం. 2024 జులై 1 నుంచి భారతీయ న్యాయ సంహిత అమల్లోకి వచ్చింది. అందులో 34 నుంచి 44 వరకు ఉన్న సెక్షన్లు మనల్ని మనం కాపాడుకునే హక్కు గురించినవి. అంతకుముందు జరిగిన నేరాలకు పాత ఐపీసీయే వర్తిస్తుంది, అందులో ఇవి 96 నుంచి 106. హక్కు మన ఒంటికి మాత్రమే కాదు, పక్కవాడి ఒంటికీ, మన ఆస్తికీ, పక్కవాడి ఆస్తికీ ఉంది. ఎదుటివాడి ప్రాణం పోయేదాకా వెళ్లే హక్కు మాత్రం కొన్ని సందర్భాల్లోనే. చంపేస్తాడన్న భయం, ఘోరంగా గాయపరుస్తాడన్న భయం, అత్యాచార ప్రయత్నం, ఎత్తుకుపోయే ప్రయత్నం, యాసిడ్ దాడి, ఇలాంటివి. ఆడపిల్లలు ఈ సంగతి గట్టిగా గుర్తుపెట్టుకోవాలి. అడవిలో తునికాకు కోతకు ఒంటరిగా వెళ్లినప్పుడు మీ మీద చెయ్యి వేసినవాణ్ణి కొడవలితో కొడితే, వాడు చచ్చినా, చట్టం మీవైపు నిలబడే వీలుంది. ఆ సెక్షన్ మీకోసమే ఉంది.

దీనికి హద్దులున్నాయి. పోలీసులను పిలిచి రక్షణ పొందే వ్యవధి ఉంటే ఈ హక్కు లేదు. అవసరానికి మించి కొట్టకూడదు. భయం ఉన్నంతసేపే హక్కు, భయం పోయాక లేదు. ఈ మూడోదే మన కేసుల్ని ఎక్కువగా ముంచుతుంది. కర్రెత్తి వచ్చినవాడు కర్ర పారేసి పరుగెత్తాడు, మనవాడు వెంటపడి గొడ్డలితో వీపు మీద వేశాడు. పోస్టుమార్టం రిపోర్టులో 'వీపు' అన్న మాట వచ్చిందంటే వకీలు గొంతు సగం తగ్గిపోతుంది. ఎదుటివాడు పడిపోయాక వేసిన రెండో దెబ్బ, మూడో దెబ్బ కూడా అంతే.

అయితే కోర్టులు మరీ గీతలు గీసి చూడవు. ప్రాణభయంలో ఉన్నవాడు బంగారం తూచే త్రాసు పట్టుకుని దెబ్బలు కొలుచుకోలేడని సుప్రీంకోర్టు ఎన్నో తీర్పుల్లో అన్నది. 2010లో వచ్చిన దర్శన్ సింగ్ కేసు వీటిలో ముఖ్యమైనది. పంజాబులో అన్నదమ్ముల కుటుంబాల మధ్య భూమి తగాదా. ముసలి తండ్రి తల మీద గండాసా దెబ్బ పడింది, కొడుకు తుపాకీ పేల్చాడు, దాడి చేసినవాడు చనిపోయాడు. సెషన్స్ కోర్టు ఆత్మరక్షణ అని వదిలేసింది. ప్రభుత్వం అప్పీలుకు వెళితే హైకోర్టు దాన్ని తిరగేసి శిక్ష వేసింది. సుప్రీంకోర్టు మళ్లీ వదిలేసింది. ఆ తీర్పులో ఆత్మరక్షణకు సంబంధించిన సూత్రాలను పదిగా గుదిగుచ్చి చెప్పారు. వాటిలో ఒకటి మనం మరిచిపోకూడనిది. నిందితుడు తన మాటను సందేహానికి తావులేకుండా నిరూపించనక్కర్లేదు. ఆ బరువు ప్రాసిక్యూషన్‌ది. ఇలా జరిగి ఉండే అవకాశమే ఎక్కువ అని చూపిస్తే మనకు చాలు. దానికి సొంత సాక్షులే ఉండాలనీ లేదు, వాళ్ల సాక్షుల నోట వచ్చిన మాటల నుంచే చూపించవచ్చు.

మరి మన కేసులు ఎందుకు ఓడిపోతున్నాయి? మాకు కనిపించిన కారణాలు చెబుతాం, వరుస ఏమీ లేదు.

మనవాళ్లు నిజం చెబుతారు. ఇది పొగడ్త అనుకోకండి, కేసుల్లో ఇది ఒక చిక్కు కూడా. గొడ్డలి భుజాన వేసుకుని తిన్నగా స్టేషన్‌కు వెళ్లి 'నేనే కొట్టాను సార్' అని నిలబడినవాళ్ల గురించి ఏజెన్సీలో ఏ పాత పోలీసాయన్ని అడిగినా చెబుతాడు. ఇప్పటి జార్ఖండ్‌లో అగ్నూ నగేసియా అనే ఆదివాసీ 1963లో ఇలాగే స్టేషన్‌కు వెళ్లి నాలుగు హత్యలు చేశానని చెప్పి ఎఫ్‌ఐఆర్ రాయించాడు. పోలీసుల ముందు చేసుకున్న ఒప్పుకోలు నిందితుడి మీద సాక్ష్యంగా పనికిరాదన్నది పాత చట్టం. సుప్రీంకోర్టు ఆ సూత్రం ప్రకారం అతని ఒప్పుకోలు మొత్తాన్ని, అందులో ఉన్న కారణంతో సహా, పక్కన పెట్టి 1965లో విడుదల చేసింది. ఆ కేసు ఆత్మరక్షణ కేసు కాదు. కానీ అందులోంచి మనకు తెలిసేది ఒకటుంది. స్టేషన్‌లో చెప్పిన మాట మనకు ఉరితాడు కాకూడదని చట్టం అడ్డుగోడ కట్టింది. ఆ గోడ రెండువైపులా పనిచేస్తుంది. 'వాడు ముందు బరిసె విసిరాడు, అందుకే కొట్టాను' అని స్టేషన్‌లో చెప్పి, కోర్టులో చెప్పకపోతే, ఆ మాట గోడకు అవతలే ఉండిపోతుంది.

కోర్టులో చెప్పే సమయం ఒకటుంది. సాక్షులందరూ అయ్యాక జడ్జిగారు నిందితుణ్ణి లేపి ఒక్కొక్క విషయం అడుగుతారు. పాత చట్టంలో 313 సెక్షన్, కొత్తదాంట్లో 351. చివర్లో 'నువ్వు చెప్పుకునేది ఏమైనా ఉందా?' అంటారు. మా చేతికి వచ్చే కట్టల్లో ఆ పేజీలు తిరగేస్తే ప్రతి ప్రశ్న కింద ఒకే జవాబు ఉంటుంది. 'అబద్ధం.' 'అబద్ధం.' 'తెలియదు.' చివరి ప్రశ్నకు 'లేదు.' గోండి, కోయ, సవర, కువి మాట్లాడే మనిషి తెలుగులో అడిగిన ప్రశ్నకు ఇచ్చిన జవాబు అది. ఇరవై ఏళ్ల జీవితం ఆ రెండు పేజీల మీద వేలాడుతూ ఉంటుంది.

ఇందులో వకీళ్ల పాత్రా ఉంది. 'అసలు అక్కడ లేనే లేనని చెప్పు' అని సలహా ఇవ్వడం తేలిక. అలా చెప్పాక 'అక్కడే ఉన్నాను, కానీ నా ప్రాణం కాపాడుకోవడానికి కొట్టాను' అని అప్పీలులో వాదించడం ఎంత ఇబ్బందో ఆలోచించండి. చట్టప్రకారం దారి పూర్తిగా మూసుకుపోదు. నిందితుడు నోటితో చెప్పకపోయినా రికార్డులో ఆధారం ఉంటే కోర్టు ఆత్మరక్షణను పరిశీలించాలని సుప్రీంకోర్టు మున్షీరామ్ కేసులో ఎప్పుడో చెప్పింది. 'ఆధారం ఉంటే' అన్న మాటే కీలకం.

ఆ ఆధారాల్లో అన్నిటికంటే బలమైనది నిందితుడి ఒంటి మీది గాయం. 1976లో లక్ష్మీసింగ్ కేసులో సుప్రీంకోర్టు చాలా స్పష్టంగా చెప్పింది. నిందితుడికి పెద్ద గాయాలుండి, అవి ఎలా అయ్యాయో ప్రాసిక్యూషన్ సాక్షులు చెప్పకపోతే, వాళ్లు గొడవ పుట్టుకను దాచిపెట్టారనీ, అబద్ధం చెబుతున్నారనీ, నిందితుడు చెప్పేదే నిజం కావచ్చనీ అనుకోవచ్చు. గీరుకుపోయినంత చిన్న గాయాలకు ఇది వర్తించదు. తల పగిలినా, చెయ్యి విరిగినా వర్తిస్తుంది.

ఇక్కడే మనవాళ్లు నష్టపోతున్నారు. మనిషి తలకు పసరు కట్టుకుని రెండు రోజులు అడవిలో ఉండి, మూడో రోజు దొరుకుతాడు. మన పసరు వైద్యం మంచిదే, గాయం మానుతుంది. మానిన గాయానికి కాగితం ఉండదు. అందుకని వినండి. అరెస్టు చేసిన వెంటనే డాక్టరు చేత పరీక్ష చేయించాలని చట్టమే చెబుతోంది. ఒంటి మీద ఏ దెబ్బలున్నాయో, అవి సుమారుగా ఎప్పుడు తగిలాయో డాక్టరు రాయాలి. ఆ రిపోర్టు కాపీ అరెస్టయిన మనిషికో, అతను చెప్పినవాళ్లకో ఇవ్వాలి. అడిగి తీసుకోండి. తర్వాత మేజిస్ట్రేటు ముందు హాజరుపరిచినప్పుడు చొక్కా విప్పి చూపించి చెప్పండి, సిగ్గుపడాల్సిన పనిలేదు. జైల్లో చేర్చుకునేటప్పుడు కూడా ఒళ్లు చూసి రాస్తారు. మనవాడికి కొట్టుకుపోయిన దెబ్బలుంటే మనవైపు నుంచి కూడా ఫిర్యాదు ఇచ్చి కౌంటర్ కేసు పెట్టించండి. స్టేషన్‌లో తీసుకోకపోతే ఎస్పీ గారికి రిజిస్టరు పోస్టులో పంపండి, రసీదు దాచండి. పదేళ్ల తర్వాత ఆ రసీదే మాట్లాడుతుంది.

గొడ్డలి సంగతి ఒకటి చెప్పాలి. ఎఫ్‌ఐఆర్‌లలో 'మారణాయుధాలు ధరించి వచ్చి' అని ఒక అరిగిపోయిన వాక్యం ఉంటుంది. మన మనిషి పొద్దున లేచి ఇంట్లోంచి బయటికి వస్తే భుజాన గొడ్డలి ఉంటుంది. పట్నంవాడి జేబులో పెన్ను ఉన్నట్టే. పెళ్లికి వెళ్లినా, సంతకు వెళ్లినా ఉంటుంది. అది ముందస్తు పథకానికి గుర్తు కాదని సాక్షుల్ని అడ్డప్రశ్నలు వేసేటప్పుడే రాబట్టాలి. 'మీ ఊళ్లో మగవాళ్లందరూ గొడ్డలి పట్టుకునే తిరుగుతారు కదా?' 'అవును.' ఆ ఒక్క 'అవును' రికార్డులో ఉంటే హైకోర్టులో మా పని సగం తేలికవుతుంది. హైదరాబాదులోనో అమరావతిలోనో కూర్చున్న జడ్జిగారికి గూడెం అలవాటు తెలియకపోవడం ఆయన తప్పు కాదు. చెప్పకపోవడమే తప్పు.

భూమి దగ్గరికి వద్దాం. మన దగ్గర గొడవల్లో చాలావాటికి మూలం అదే. మున్షీరామ్ కేసు ఢిల్లీ దగ్గరి పొలానిది. అందులో ప్రాణం పోలేదు గానీ సూత్రం పెద్దది. ఏళ్లతరబడి కౌలుకు సాగుచేసుకుంటున్న కుటుంబం మీదికి, కాగితం మీద స్వాధీనం పొందినవాళ్లు ట్రాక్టరుతో వచ్చారు. కుటుంబం తిరగబడింది. సొంత భూమిలో స్థిరంగా ఉన్నవాడు బలవంతంగా చొరబడేవాణ్ణి చూసి పారిపోవాల్సిన అవసరం లేదని సుప్రీంకోర్టు అన్నది. 1975లో పూరణ్ సింగ్ కేసులో, ఇది హత్య కేసే, స్థిరమైన స్వాధీనం అంటే ఏమిటో చెబుతూ పంట ఎవరు వేశారో చూడాలన్నది. స్థిరంగా స్వాధీనంలో ఉన్నవాడు వేసిన పంటను అసలు యజమాని అయినా సరే బలవంతంగా పాడుచెయ్యలేడు. కాబట్టి పహాణీ, అడంగల్, అటవీ హక్కుల పట్టా, క్రాప్ లోన్ కాగితం, ఇవన్నీ భూమి కేసులకే కాదు, హత్య కేసులకూ కావాలి.

పోడు దగ్గర మాత్రం జాగ్రత్త. ఎదుట ఉన్నది ప్రభుత్వ ఉద్యోగి అయితే, ఆయన తన ఉద్యోగ హోదాలో సదుద్దేశంతో వచ్చి ఉంటే, ఆయన చేసే పని చట్టప్రకారం పూర్తిగా సరైనది కాకపోయినా మనకు ఆత్మరక్షణ హక్కు లేదు. ప్రాణభయమో, ఘోరమైన గాయం అవుతుందన్న భయమో ఉంటేనే ఉంటుంది. మొక్కలు పీకారన్న కోపం ఆ భయం కిందికి రాదు. అటవీ హక్కుల చట్టం ఇచ్చిన హక్కు కోసం గ్రామసభలో, కోర్టులో కొట్లాడాలి. ఆ చేనులో కర్ర ఎత్తితే చేను పోతుంది, మనిషీ పోతాడు. యువకులకు ఈ మాట నచ్చకపోవచ్చు. మా చేతికి కట్టలు వచ్చేసరికి ఆలస్యమైపోతుందని చెబుతున్నాం, అంతే.

ఇంకో చేదు సంగతి. చిల్లంగి, బాణామతి. 'వాడు చిల్లంగి పెట్టి నా బిడ్డను చంపాడు, రేపు నన్నూ చంపుతాడు, అందుకే చంపాను' అన్న మాటను ఆత్మరక్షణగా వాదించమని మమ్మల్ని అడిగినవాళ్లున్నారు. అది నిలబడదు. చట్టం అడిగే భయం ఆ క్షణాన, ఎదుటివాడి చేతిలోంచి వచ్చే ప్రమాదం గురించిన సహేతుకమైన భయం. ఇంట్లో నిద్రపోతున్న ముసలమ్మ నుంచి అలాంటి భయం రాదు. వెరియర్ ఎల్విన్ బస్తరు మరియాల నూరు హత్య కేసులు పరిశీలించి 1943లో రాసిన పుస్తకంలో మంత్రాల అనుమానం కూడా ఒక కారణంగా కనబడుతుంది. ఎనభై ఏళ్లు దాటాయి. ఇప్పటికీ అదే అనుమానంతో మనవాళ్లు మనవాళ్లనే చంపుకుంటున్నారు.

దీనికి దగ్గరగా కనబడే కేసు ఒకటుంది, కానీ అది వేరు. 1960లో రిపోర్టయిన ఒడిశా హైకోర్టు తీర్పు. రాత్రిపూట ఒక నేపాలీ పనివాడు ఇప్పచెట్టు కింద మినుకుమినుకుమనే వెలుగు, దాని చుట్టూ ఆకారాలు చూసి దయ్యాలనుకుని కుక్రీతో నరికాడు. వాళ్లు లాంతరు పెట్టుకుని ఇప్పపూలు ఏరుకుంటున్న మాఝీ ఆడవాళ్లు. ఒకామె చనిపోయింది, ఇద్దరికి పెద్ద గాయాలు. సెషన్స్ కోర్టు వదిలేస్తే ప్రభుత్వం అప్పీలు చేసింది. చేతిలో టార్చి ఉండి వెయ్యలేదు కదా అన్న వాదన వచ్చింది. ఎదురుగా ఉన్నది మనుషులు కారని అతను మనస్ఫూర్తిగా పొరబడ్డాడని హైకోర్టు కూడా వదిలేసింది. లా కాలేజీల్లో ఈ కేసును పాఠంగా చెబుతారు, వింత కథలా చెప్పి నవ్వుకుంటారు కూడా. మాకు నవ్వు రాదు. ఇప్పపూలకు తెల్లవారకముందే లేచి వెళ్లే మన అమ్మల్ని తలుచుకుంటూ చదువుతాం. చట్టపరంగా ఆ తీర్పులో తప్పు పట్టలేం. పట్టించుకోవాల్సిన తేడా ఏమిటంటే, అతను మనిషి అని తెలియక కొట్టాడు. చిల్లంగి కేసుల్లో ఫలానా మనిషే అని తెలిసి, ఇంటికి వెళ్లి మరీ కొడతారు.

ఆత్మరక్షణ పూర్తిగా నిలబడకపోయినా కేసు అయిపోయినట్టు కాదు. హక్కు ఉండి, సదుద్దేశంతో దాన్ని వాడుతూ, పగతో కాకుండా హద్దు దాటితే అది హత్య కిందికి రాదు, హత్య కాని ప్రాణహాని కిందికి వస్తుంది. హత్యకు తక్కువలో తక్కువ శిక్షే యావజ్జీవం. ఇందులో జడ్జిగారు యావజ్జీవం వెయ్యనూ వచ్చు, పదేళ్లకు లోపు వేయనూ వచ్చు. కొత్త చట్టంలో అలా తగ్గించినా ఐదేళ్లకు తగ్గకూడదు. మా అప్పీళ్లలో ఎక్కువభాగం ఈ గీత చుట్టే తిరుగుతాయి. జైల్లో ఇప్పటికే ఏడెనిమిదేళ్లు గడిపినవాడికి ఈ గీత అంటే వచ్చే సంక్రాంతికి ఇంట్లో ఉండటం, ఉండకపోవడం.

చివరిగా గడువులు. శిక్ష పడిన రోజే తీర్పు కాపీ ఉచితంగా ఇస్తారు, తీసుకోండి. సెషన్స్ కోర్టు యావజ్జీవం వేస్తే హైకోర్టుకు అప్పీలుకు 60 రోజులు. గడువు దాటినా కారణం చూపి ఆలస్యాన్ని మన్నించమని అడగవచ్చు కాబట్టి, రెండేళ్లయింది, ఇక లాభం లేదు అనుకుని ఊరుకోవద్దు. జైల్లో ఉన్నవాడు జైలు అధికారి ద్వారానే అప్పీలు పంపుకోవచ్చు. షెడ్యూల్డ్ తెగలవాళ్లకు ఆదాయంతో పనిలేకుండా ఉచిత న్యాయ సహాయం హక్కు, 1987 చట్టం ఇచ్చింది. యావజ్జీవం పడే వీలున్న కేసుల్లో కోర్టు తరఫున నియమించే వకీలుకు కనీసం పదేళ్ల అనుభవం ఉండాలని 2019లో సుప్రీంకోర్టు చెప్పింది. అది అడగడానికి మొహమాటపడవద్దు. న్యాయ సేవల ఫోను నంబరు 15100.

భోజనాలయ్యాక మేం వేదిక వెనక చింతచెట్టు కింద కూర్చుంటాం. కేసు కాగితాలు తెచ్చుకున్నవాళ్లు అక్కడికి రండి. ఛార్జిషీటు, తీర్పు కాపీ, డాక్టరు సర్టిఫికెట్, ఏది ఉంటే అది. కాగితాలు లేనివాళ్లు జైలు పేరు, కేసు ఏ కోర్టులో నడిచిందో చెబితే చాలు. గోండి, కోయ మాట్లాడేవాళ్లం ఉన్నాం, తెలుగులో చెప్పడానికి ఇబ్బంది పడనక్కర్లేదు.